గోనె చుట్టిన గొట్టం

రాళ్ళపేట,
మంగళవారం

ప్రియమైన అహ్మద్ బావకి,

ప్రభువు పేరిట నీ దొరబాబు వందనాలు. బిందెలు కొట్టీ కొట్టీ నీ చెవులు పోయాయి కాబట్టి ఫోన్ నీకు దండగ. కాగితం మీద నాకు కేకలు వేయడం రాదు. అయినా రాస్తున్నాను. ఆటో కోటి వన్ టౌన్ వస్తున్నాడు, జవాబు వాడికే ఇవ్వు.

పేట ఖాళీ అయిపోయింది బావా. ఆదివారం ఆరాధన మధ్యలోనే లారీలొచ్చాయి. సర్కారు ఫ్లాట్లు వచ్చినవాళ్ళు మంచాలూ టీవీలూ కోళ్ళూ ఎక్కించుకుని ఊరి చివరికి వెళ్ళిపోయారు. జాబితాలో పేరు లేనివాళ్ళం మందిరం చుట్టూ మిగిలాం. కింది వరస ఇళ్ళని మిషను నేలమట్టం చేసింది, పై వరసని మర్నాటికి వదిలేశారు. ఆ రాత్రే వాన. కొండవైపు రాతిగోడ పై వరస మీద కూలింది. ఇళ్ళు ఖాళీ కాబట్టి ఎవరికీ ఏమీ కాలేదు, దేవునికి స్తోత్రం. పోర్టు బొగ్గుపొడి వానలో తడిసి పేటంతా తారు పోసినట్టుంది.

ఇప్పుడు అసలు సంగతి. పై వరస చివరనున్న మా కుళాయి నీకు తెలుసు. తెల్లవారకముందే నీళ్ళొచ్చేవి. వచ్చాయని చెప్పడానికి చిట్టెమ్మ ముసలమ్మ రాయితో గొట్టం మీద కొట్టేది. రెండు దెబ్బలు, ఆగి ఇంకొకటి. ఆ చప్పుడికి పేటంతా లేచి బిందెలు వరసలో పెట్టేది. వరస విషయంలో ఆవిడ ముందు పాస్టరూ ఒకటే, తాగుబోతూ ఒకటే. ఓసారి ప్రార్థన కూటానికి వేళైందని నా బిందె కొంచెం ముందుకు జరిపానో లేదో, అందరూ వింటుండగా "ఏటి పాస్టరూ, పరలోకంలో కూడా ఇలాగే వరస దాటేసి ఎల్తావేటి? ఎనక్కెట్టు బిందె!" అంది. ఆ మాట మీద పేట వారం రోజులు నవ్వింది.

ఆవిడ లారీ ఎక్కడం కళ్ళారా చూశాను. కుళాయి తల పీకేసి గొట్టం మూతి బిగించేశారు. మేము రోడ్డు మీదికొచ్చే ట్యాంకరు దగ్గర పట్టుకుంటున్నాం. అయినా నిన్నటి నుంచి తెల్లవారుతుండగా గొట్టంలో దెబ్బలు వినిపిస్తున్నాయి. రెండు. ఆగి ఒకటి. గొట్టం దగ్గర మనిషి లేడు. రాయి మాత్రం ఉన్నచోటే ఉంది.

జనం జడిసిపోయారు. "ఇది చిట్టెమ్మ దెబ్బే. ముసల్ది ఆ ఫ్లాట్లలో పోయుంటాది, దయ్యమై ఇక్కడికొచ్చేసినాది" అంటున్నారు. చచ్చినవాళ్ళు తిరిగిరారని వాక్యం తీసి చూపించాను. ఇది చిట్టెమ్మ దెబ్బ అరువు తెచ్చుకున్న అపవిత్రాత్మ. ఈ సాయంత్రమే దాని సంగతి తేలుస్తాను. నీ దేవుడికి నువ్వూ చెప్పు.

ప్రభువు సేవలో,
నీ దొరబాబు


వన్ టౌన్,
మంగళవారం మధ్యాహ్నం

ప్రియమైన దొరబాబు బావా,

సలాం. నీ ఉత్తరం చదువుతుంటే చెవిటి నాకే నీ కేకలు వినపడ్డాయి. కాగితం మీద కేకలు రావన్నావు, అబద్ధం.

దయ్యం పని నీది, బిందె పని నాది. చిట్టెమ్మ ఇత్తడి బిందె అడుగు కారుతోందని నా దగ్గర వదిలి వెళ్ళింది. మాటు వేసేశాను. ఆ బిందె లేకపోతే ఆవిడకి చెయ్యి విరిగినట్టే. మా అమ్మాయి షగుఫ్తాని వెంటబెట్టుకుని రేపు ఫ్లాట్లకి వెళ్ళి ఇచ్చేస్తాను. అక్కడివాళ్ళు చెప్పేది పిల్ల విని నాకు రాసి చూపిస్తుంది. ముసలమ్మ బతికే ఉందని కబురు తెస్తే నీ జనం భయం పోతుంది కదా.

ఒక్క మాట అడుగుతాను. ఆ చప్పుడు నిన్న ఎలా ఉంది, ఇవాళ ఎలా ఉంది? పగిలిన బిందె ఒకలా మోగుతుంది, నిండు బిందె ఒకలా మోగుతుంది. వినబడేవాడివి నువ్వు, కాస్త సరిగ్గా విను.

ఉంటాను,
అహ్మద్


రాళ్ళపేట,
బుధవారం పొద్దున్న

ప్రియమైన బావకి,

హల్లెలూయా! గెలిచాం!

నిన్న సాయంత్రం మందిరంలోని వాళ్ళందరినీ వెంటబెట్టుకుని గొట్టం దగ్గరికి వెళ్ళాను. ఒక చేత్తో బైబిలు, ఒక చేత్తో నూనె సీసా. గొట్టానికి నూనె రాసి, "అపవిత్రాత్మా, నోరు మూసుకో, ఈ నేల వదిలి పో" అని గద్దించాను. గొంతు పోయేదాకా గద్దించాను. చివరికి సిమెంటు గోనె తెచ్చి గొట్టం చుట్టూ బిగించి, తాడుతో కట్టేశాను. చుట్టేటప్పుడు చేతికి గొట్టం వెచ్చగా తగిలింది. వాన పడి చల్లబడ్డ సాయంత్రం అది. ఇనుము జ్వరమొచ్చిన మనిషి మణికట్టులా ఉంది. అయినా చెయ్యి తియ్యలేదు.

ఈ తెల్లవారుజామున చప్పుడు లేదు! ఒక్క దెబ్బ లేదు!

నువ్వడిగిన దానికి జవాబు. సోమవారం దెబ్బ గట్టిగా ఉంది, పేటంతా విన్నది. నిన్న మెల్లగా ఉంది, మధ్యలో ఆగి ఆగి. దయ్యం అప్పటికే అలసిపోయిందన్నమాట. ప్రార్థనకి తాళలేక అలసిపోయింది.

చిట్టెమ్మ కనబడితే చెప్పు, పాస్టరు వరసలోనే నిలబడి గెలిచాడని.

నీ దొరబాబు


ఫ్లాట్ల దగ్గర,
బుధవారం మధ్యాహ్నం

బావా,

సలాం తర్వాత చెప్పుకుందాం. ముందు ఇది చదువు.

చిట్టెమ్మ ఇంటికి తాళం ఉంది. నాలుగో అంతస్తు. పక్కింటి దేవి చెప్పిన మాటలు షగుఫ్తా ఉన్నదున్నట్టు రాసి చూపించింది. లారీ దిగిన సాయంత్రమే ముసలమ్మ కుళాయి తిప్పి చూసిందట. "ఇక్కడ వరసే నేదు. ఎవరి కుళాయి ఆళ్ళది. ఎవర్ని లేపాలి నాను?" అందట. "పాస్టరు దగ్గరికి పోతన్నాను, ఆ మందిరంలో పడుంటాను" అని బస్సెక్కిందట. అది ఆదివారం. నీ దగ్గరే ఉందని వీళ్ళు నిశ్చింతగా ఉన్నారు. వీళ్ళ దగ్గర ఉందని నువ్వు నిశ్చింతగా ఉన్నావు.

నీ దగ్గర లేదు కదా బావా?

చీకటి పడే వేళకి పేట చేరి ఉంటుంది. వాన మొదలైతే ఎక్కడ దూరుతుంది? తన ఇంట్లో దూరుతుంది. పై వరసలో.

నువ్వు రాశావు, దయ్యం అలసిపోయిందని. దయ్యాలు అలసిపోతాయా? అలసిపోయేది మనిషి.

మీ హాగరూ మా హాజిరా ఒక్క తల్లే. ఎడారిలో నీళ్ళకోసం పరుగులు పెట్టిన తల్లి. బిడ్డ మడమతో నేలని తన్నితే నీళ్ళు పుట్టాయని మా అమ్మ చెప్పేది. నేలలోంచి దెబ్బ వినబడితే తవ్వాలి బావా, తిట్టకూడదు.

కోటి ఆటో నిండా మనుషులే, మాకు చోటు లేదు. అది నాకంటే ముందు చేరుతుంది కాబట్టి ఈ కాగితం వాడికిచ్చి పంపిస్తున్నాను. చదివిన మరుక్షణం గునపం పట్టు. బస్సులో నేనూ వెనకే వస్తున్నాను.

అహ్మద్


పెద్దాసుపత్రి, ఆ తర్వాత రాళ్ళపేట,
శనివారం

నా ప్రియమైన అహ్మద్ బావకి,

చిట్టెమ్మ నిన్న కళ్ళు తెరిచింది. నువ్వు బిందె ఆవిడ తలాపున పెట్టి వెళ్ళావు కదా, ముందు దాన్నే చూసింది. "మాటు బాగా ఏసినాడు సాయిబు" అంది. తర్వాత నన్ను చూసింది.

బుధవారం జరిగిందంతా నీ ఎదుటే జరిగింది. రాళ్ళ గుట్ట అంత పొడవుంటే ఎక్కడ తవ్వాలో తెలియక మేము అటూ ఇటూ పరిగెత్తాం. నువ్వు గోనె విప్పి గొట్టం మీద అరచెయ్యి ఆనించి కళ్ళు మూసుకున్నావు. మా చెవులకి ఏమీ వినబడలేదు. "కొడుతున్నారు, ఇటు" అన్నావు. అటే తవ్వాం. అక్కడే దొరికింది.

నీకు తెలియనిది ఇక్కడి నుంచి చెబుతాను. నిన్న ఆవిడ పక్కన కూర్చుని, "అమ్మా, నువ్వు కొట్టిన దెబ్బలు విని కూడా నేను..." అని మొదలుపెట్టాను.

"నాను కొట్టడవేటి?" అంది. "నా సేతులు సూడు."

రెండు చేతులకీ భుజాల దాకా పట్టీలున్నాయి. చేతుల మీద దూలం పడింది మొదటి క్షణంలోనేనట. వేలు కదల్లేదట. తవ్వినప్పుడు ఆ దూలాన్ని నువ్వూ నేనూ ఇంకో ఇద్దరూ ఎత్తబోయాం బావా, గుర్తుందా? మన నలుగురికీ మొదట లేవలేదు.

"ఎవురో కొట్టేవోరు," అంది. "ఆ సప్పుడికి నాకు తెలివొచ్చీది. తెలివొస్తే మొహం పక్కన గొట్టం పగుల్లోంచి నీళ్ళు కారీవి. నోరు తెరిసీదాన్ని. మీరే కొడతన్నారనుకున్నాను బాబూ. పేటోళ్ళు నా వరస మర్సిపోనేదు, నా వంతు ఉంచినారు అనుకున్నాను."

మళ్ళీ ఆవిడే అంది.

"ఒక్క పొద్దు మాత్రం సప్పుడు రానేదు. తెలివొచ్చేసరికి నీళ్ళు ఆగిపోనాయి. అంతా నేలపాలు. ఆ పొద్దు సచ్చిపోతాననుకున్నాను. ఏటయ్యిందో మరి ఆ పొద్దు."

ఏమైందో నీకు తెలుసు, నాకు తెలుసు. గోనెకి తెలుసు.

దారికి అడ్డంగా నిలిచిన దేవదూతని గాడిద చూసింది, దాని మీదున్న బిలాము చూడలేదు. చూడక గాడిదనే కొట్టాడు. ఆ కథ మీద ఎన్నిసార్లు ప్రసంగం చేశానో, ఎన్నిసార్లు జనాన్ని వేలెత్తి చూపించానో నీకు తెలుసు. ఆ సాయంత్రం నూనె రాసి గద్దించింది ఎవరిని బావా? నా చేతికి వెచ్చగా తగిలింది ఎవరి చెయ్యి? రాత్రంతా బైబిలు ఒళ్ళో పెట్టుకున్నాను, తెరవడానికి ధైర్యం చాలలేదు.

ఇందాకే పేటకి తిరిగొచ్చాను. ఇంకా తెల్లవారలేదు. చిట్టెమ్మ ఆసుపత్రిలో నిద్రపోతోంది. పేటలో ఎవరూ లేవలేదు. గోనె నేల మీద పడి ఉంది, రాయి దాని చోటే ఉంది.

రెండు దెబ్బలు. ఆగి ఒకటి.

పై వరసలో కాదు. కింది వరస వైపు నుంచి వస్తోంది, మిషను నేలమట్టం చేసిన వైపు నుంచి. అక్కడ ఉండేవాళ్ళంతా లారీ ఎక్కారని జాబితా చెబుతోంది. జాబితాలో లేనివాళ్ళ సంగతి జాబితాకేం తెలుసు?

ఈసారి నోరు తెరవలేదు బావా. నీలాగే గొట్టం మీద అరచెయ్యి ఆనించాను. వెచ్చగా ఉంది. కొడుతున్నది ఎవరని అడగను. లోపల ఉన్నది ఎవరో, అదొక్కటే చూడాలి. మందిరం గంట కొట్టి అందర్నీ లేపుతున్నాను. కోటి ఆటో నీ గుమ్మం ముందు ఆగుతుంది, ఎక్కేయ్.

గునపం నా దగ్గరుంది. నువ్వు నీ చెయ్యి తీసుకుని రా.

నీ దొరబాబు