రూతమ్మ ఇంటికి మూడో అద్దం

అనకాపల్లి,
3-1-2009.

రోడ్డు విస్తరణ పనుల ఇంజనీరు గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: నా ఇంటి ముందుగది కిటికీలకు ప్రస్తుతమున్న రెండద్దాలకు తోడు మూడో అద్దం బిగించు విషయము.

ముప్పయ్యొక్క సంవత్సరములు నర్సుగా పనిచేసి రిటైరైన బి. రూతమ్మ వ్రాసుకొను అర్జీ.

1. హైవే వెడల్పు చేసినప్పుడు నా వరండా పోయినది. లారీలు గోడ పక్కకు వచ్చినవి. తమ ఆఫీసు వారు దయతలచి 2005లో లారీల చప్పుడు లోనికి రాకుండ కిటికీలకు రెండేసి అద్దాలు పెట్టించినారు. అందులకు కృతజ్ఞురాలను.

2. ఆ గదిలోనే నేను గర్భిణుల పొట్టపై చెక్క గొట్టము ఆన్చి బిడ్డ గుండె విందును. రెండేళ్ళు బాగానే జరిగినది. రాను రాను లారీలు ఎక్కువైనవి కాబోలు, ఇప్పుడు గొట్టములో హోరు తప్ప ఏమియు వినబడుట లేదు.

3. గత నెల పూడిమడక నుండి చేపలమ్మే చిన్నమ్మలు తన కోడలిని తెచ్చినది. నాకు బిడ్డ గుండె వినబడలేదు. భయపడి ఆటోలో పెద్దాసుపత్రికి పంపితిని. అక్కడ బిడ్డ క్షేమమన్నారు. దారి పొడుగునా ఆ పిల్ల ఏడ్చిందట. అయ్యా, నాకు చాలా సిగ్గుగా ఉన్నది.

4. మూడు పర్యాయములు తమ ఆఫీసుకు తిరిగితిని. గుమస్తా గారు, "మూడద్దాలు మంచు పడే దేశాల్లో పెడతారమ్మా. అనకాపల్లిలో మంచేటి?" అన్నారు. నేనడిగినది చలికి కాదని చెప్పుకొనుటకు ఓపిక లేక తిరిగి వచ్చితిని.

5. కరెంటు పోయినను తలుపులు, కిటికీలు బిగించుకొని ఆ ఉక్కలోనే కూర్చొనుటకు నేను సిద్ధము.

కావున దయయుంచి మూడో అద్దం మంజూరు చేయించగలరు. ఈ ముసలిదాని విన్నపము చిత్తగించవలెను.

తమ విధేయురాలు,
బి. రూతమ్మ

మరొక మనవి: ఈ కాగితం కవర్లో పెట్టి మూడు రోజులైంది, అంటించడానికి ఓపిక లేకపోయింది. నిన్నటి నుంచి లారీల సమ్మె. రోడ్డంతా ఖాళీ. ఈ పొద్దున చిన్నమ్మలు కోడలిని మళ్ళీ తెచ్చింది. గొట్టం ఆన్చాను. అదే హోరు.

చిన్నమ్మలు చేతికి గొట్టమిచ్చి వినమన్నాను. ఆమె ఎన్నడూ దాన్ని పట్టుకుని ఎరగదు. చెవి ఆన్చి, కాసేపటికి నవ్వింది.

"టకటకా కొట్టుకుంతంది గదమ్మా. నీకు ఇనపడ్లేదేటి?"

వినపడలేదన్నాను.

గొట్టం రేపు హెల్త్ సెంటర్లో కొత్త నర్సు సోనీకి ఇచ్చేస్తాను. అయ్యా, మూడో అద్దం వద్దు. ఉన్న రెండూ కూడా విప్పించేయండి. గాలైనా వస్తుంది.