మంత్రసాని నీడ

బావా,

బతికున్న మనిషిని చచ్చినట్టు తేల్చిన చేత్తో అన్నం ఎలా కలుపుకుంటున్నావు?

ఊళ్లో ప్రతి నీడా మన కార్యాలయం కాగితాల మీదే నిలబడుతుంది. నువ్వేమో మృతుల కట్టలో పై కాగితం ఒక్కటే చూసి మొత్తానికీ ముద్ర వేస్తావు. ఇల్లు మారానని మంత్రసాని పెట్టుకున్న అర్జీ మొన్న ఆ కట్టలో కలిసింది. ముద్ర పడగానే ఆమె నీడ పోయింది. ఇప్పుడు కాన్పులకు ఎవరూ పిలవడం లేదు. నిన్న నా రికార్డు గదికొచ్చి, "ఇంత లావున్నాను, నాకు నీడ లేకపోవడమేంటయ్యా?" అని నవ్వబోయి ఏడ్చింది.

నేను బడికి పోకుండానే చదవడం నేర్చినవాణ్ణి, దేవుడి గ్రంథం నా చంక దిగదు. దీపం ఆర్పినవాడే వెలిగించాలన్నది దేవుడి మాట. వేసిన చెయ్యే ముద్ర చెరపాలన్నది మన నియమం. తప్పు ఒప్పుకుంటే నీ కొలువు పోతుందని అక్క భయం. పోతే పోనీ! ప్రతి కట్టా విప్పి చదివే నేను, బావవని నీ కట్ట ఒక్కటీ విప్పకుండా వదలను.

ముద్ర పడిన ఆ మృతుల కట్టను ఈ సాయంత్రం కొలిమిలో వేస్తారు. కాలిందా, ఆ నీడ ఇక రాదు. ఆమెను కార్యాలయం గుమ్మం ముందు ఎండలో కూర్చోబెట్టాను. చేతిలో ముద్దున్నా వదిలేసి, ముద్ర పట్టుకుని ఇప్పుడే బయల్దేరు.