ఎడమ చక్రం చప్పుడు

ఎలీషా,

ఈ రోజు కారు తియ్యకు. బందరుకి బస్సులో వెళ్లు. చీటీ చదవకుండా వెళ్లిపోతావని తాళం బియ్యం డబ్బాలో దాచాను.

ముందు ఎడమ చక్రం టకటకమంటోంది కదా, అది షాకబ్జర్ కాదు. బానెట్ నొక్కి వదిలితే ఒక్కసారి ఊగి ఆగిపోయింది, అంటే అది బాగానే ఉంది. నిన్న జాకీ పెట్టి చక్రాన్ని పైనా కిందా పట్టుకుని ఊపాను. వదులుగా ఆడుతోంది. టైరు లోపలి అంచు కూడా అరిగింది. బాల్ జాయింట్ పోయింది. అది ఊడితే చక్రం పక్కకి పడిపోతుంది, నీ దారంతా కాలవ గట్టు. కారు మేస్త్రీని ఇంటికే పిలువు. షాకబ్జర్లు మార్చాలంటే ఒప్పుకోకు.

నేను మొవ్వలో మీ మేనత్త ఇంట్లో ప్రార్థనకి వెళ్తున్నాను. రేపు వస్తాను. చారు కాచాను, నువ్వే వేడి చేసుకో.

ఆ చప్పుడు ఏమిటో నాకు నెల నుంచీ తెలుసు. ట్రాక్టర్ తోలినవాణ్ణి, తెలియకేం. సాయంత్రం నువ్వు తిరిగొస్తుంటే కాలవ తూము దగ్గర అది వినపడగానే చారు పొయ్యి మీద పెట్టేవాణ్ణి. మీ అమ్మ పోయాక నేను ఎదురుచూసే చప్పుడు అదొక్కటే. అందుకే చెప్పలేదు. నిన్న చక్రం ఆడటం చూశాక భయమేసింది. తప్పు నాదే.

నాన్న

బాగు చేయించాక తూము దగ్గరికి రాగానే ఒకసారి హారన్ కొట్టు.