బావి గట్టు నుంచి నలభై డిగ్రీలు

సర్వేయరు బావగారికి, మీ బావమరిది దండాలు.

మా ప్రార్థన మందిరం గోడ మీ స్థలంలోకి వచ్చిందని, శనివారంలోగా కూల్చమని చీటీ పంపారు. సంతోషం. స్థలం పత్రం ప్రకారం హద్దు బావి నుంచి ఉత్తరానికి కుడిగా నలభై డిగ్రీలు, ముప్పై మీటర్లు. మీరు బావి గట్టు మీద దిక్సూచి పెట్టినప్పుడు మీ కొత్త ఇనుప గేటు ఆ గట్టుకే ఆనించి ఉంది. ముల్లు దేవుడిచ్చిన ఉత్తరం వదిలేసి మీ గేటుకేసి తిరిగింది. పాపం, దానికీ మీ గాలే సోకింది! హద్దు రాయి జరిపినవాడికి శాపమని లేఖనం. గేటు జరపనివాడి సంగతి రాయలేదు.

"గేటు పక్కకి లాగి చూడరా" అంది అక్క. ఇద్దరం లాగి, మళ్లీ కొలిచాం. కొలత తాడు మీ వంటింటి కిటికీలోంచి దూరి పొయ్యి దగ్గర ఆగింది. అంటే అక్కడిదాకా మందిరం స్థలమే.

గోడ కూల్చను. ఈ ఆదివారం ప్రసంగం మీ వంటింట్లోనే. పొయ్యి కాస్త జరిపించండి.