తెప్ప అనగానే

విశాఖపట్నం, 9-11-78

అనసూర్యా! అవ్వా నేనూ ప్రాణాలతో ఉన్నాం. ముందు ఆ మాట చదువుకొని కూర్చో.

సింహాచలం మొక్కు తీరాక అవ్వ సముద్రం మీద తిరిగొద్దామంది. ఒడ్డున బల్లలున్న మోటారు పడవ ఉంది, ఇంకోవైపు ఒకతను "తెప్ప, తెప్ప" అని పిలుస్తున్నాడు. నేను పడవ వైపు నడిచాను. ఈ కొడుకు మాట అవ్వ వినలేదు. "ధర్మపురి కోనేట్ల దేవుడెక్కేది తెప్పనే గద, గదే ఎక్కుదాం" అంది. తీరా చూస్తే దేవుడి తెప్పకున్న దీపాలూ లేవు, పందిరీ లేదు. తాడుతో కట్టిన నాలుగు దుంగలు! ఎక్కాక చూస్తే సందుల్లోంచి నీళ్లు పైకొస్తున్నాయి. పెద్ద అల వచ్చి మీద పడితే, ఇరవై ఏళ్లు బొగ్గు గని బాయిలో దిగిన నేను కేక పెట్టాను. అవ్వ పెట్టలేదు.

తెప్ప నడిపే అతణ్ణి అడిగింది: "రోజు గిట్లనే పోతవా బిడ్డా? మీ అవ్వ ఎట్ల ఓర్సుకుంటది?"

"నానొచ్చేదాకా ఒడ్డునే కూకుంటాది మామ్మా" అన్నాడతను.

ఒడ్డుకొచ్చి చీర పిండుకుంటూ అవ్వ నా మొఖం చూసింది. "నువ్వు బాయిల దిగితే నేనొక్కనాడన్న గట్ల కూసున్ననారా?"



బర్రె ఈనిందా? జున్ను మా రాజక్కకు కూడా పంపు. పొయ్యి గది రేకు కారుతుంటే పోశంతో వేయించు. పిల్లలకు నా దీవెనలు. బుధవారం బండి దిగుతాం, గురువారం నాకు మొదటి షిఫ్టు. ఆ పొద్దు అవ్వను ఎట్లాగైనా ఇంట్లోనే ఆపు. బాయి గేటు దగ్గర ఆమె కూర్చుంటే నేను దిగలేను.

మొండయ్య