అమ్మ కట్టుకుపోవలసిన పావడా

చెల్లి సువాకు,

అక్క ముద్దులతో రాస్తున్నది. నేనిక్కడ కులాసాగా ఉన్నాను. మీరంతా, మన పందిపిల్లతో సహా, చల్లగా ఉన్నారని తలుస్తాను. ఈ మొదటి ముక్క అమ్మకు గట్టిగా చదివి వినిపించు.

అమ్మా, దగ్గు మందు లారీ అతనికిచ్చి పంపాను. హోటల్లో తిండి బాగానే పెడుతున్నారు. కాకపోతే రోజూ తెల్లన్నమే, మన మొక్కజొన్న పిండి తినక నోరు చచ్చిపోయింది. నీ పావడా ఇక్కడి పెద్ద గదిలోనే ఉంది. వచ్చినవాళ్ళంతా మెచ్చుకుంటున్నారు.

సువా, ఇక్కడ ఆపు. అమ్మ పందికి మేత వెయ్యడానికి వెళ్ళాక మిగతాది నువ్వొక్కదానివే చదువుకో.

పండుగ దాకా గోడకు వేలాడదీసి తిరిగి ఇచ్చేస్తామని హోటల్ వాళ్ళంటే, "చదువుకున్నదానివి, నీకు తెలియనిదేముందే" అంటూ అమ్మ తన చావుకని దాచుకున్న పావడా పెట్టెలోంచి తీసి నా చేతిలో పెట్టింది. నిన్న చూస్తే అది గోడ మీద లేదు. ఇక్కడి అలంకరణలు చూసే లాన్ అక్కను అడిగాను.

"అదుగో, సోఫాల మీద! దిండ్లు ఎంత ముద్దుగా వచ్చాయో చూడవే!"

"అది మా అమ్మ పోయినప్పుడు కట్టాల్సిందక్కా. ఆ నారబట్ట లేకపోతే అవతల మా పెద్దవాళ్ళు ఆమెను గుర్తుపట్టరు."

"ఇంత చదివి ఇవేం మాటలే? ఇంకోటి చేసుకోమను. మీ కొండ ఆడవాళ్ళకి పుట్టుకతో వచ్చే పనేగా!"

పుట్టుకతో వచ్చేదట. నాకు రాదే! అమ్మ కరిగిన మైనంతో నారబట్ట మీద మన మెట్ల చేలు, అమ్మమ్మ పుట్టిన లోయలోని వాగు, తాతలు దాటి వచ్చిన కొండలు గీస్తుంటే, నేను బడిలో దేశాల రాజధానులు వల్లించాను. నిన్న ఒక పెద్దమనిషి ఆ వాగుకు వీపు ఆనించి బీరు తాగాడు. గ్లాసు అందించింది నేనే.

దిండ్లు విప్పి ముక్కలు అతికినా కొండ ఒకచోట, వాగు ఒకచోట. ఆ దారిన అమ్మ ఎవరి దగ్గరికి చేరుతుంది?

ఇంటి వెనక నారచేను దున్ని మొక్కజొన్న వేద్దామా, ఇంకా నార ఎవరికి కావాలి అని అడిగావు. వద్దు. నార విత్తనాలే చల్లు. ఎందుకని అమ్మ అడిగితే, తనకని చెప్పకు, నీ పెళ్ళి పావడాకని చెప్పు. పక్కన కూర్చుని ప్రతి గీతా నేర్చుకో. ఆమె చేతులు వణికి గీత వంకరపోయినా దిద్దకు. నీ పెళ్ళని మురిసిపోతూనే గీస్తుంది. గీయనీ.

ఇట్లు,
చదువుకున్నదని అమ్మ అందరికీ చెప్పుకునే
నీ అక్క,
పాంగ్