అత్తమ్మ తిట్టు పొడవు

నవంబరు 9
తిట్లతోనే తెల్లవారింది. టవల్ తడిగా ఉందట. "ఏం పొల్లవే నువ్వు, గా టవల్ గట్లనే పడేస్తివి, బిడ్డ చలికి వణుకుతున్నది, మీ విజయనగరంల గిట్లనే పెంచుతరా పిల్లల్ని, జెరంత సోయుండాలె గదా మనిషికి!" మధ్యలో ఒక్కసారి కూడా ఊపిరి తీసుకోలేదు అత్తమ్మ. కాళ్లు చాపి, వాటి మీద చిన్నిని బోర్లా పడుకోబెట్టుకుని, ఒక చేత్తో నీళ్లు పోస్తూ, ఇంకో చేత్తో వీపు రుద్దుతూనే ఇదంతా. మూడు నెలల పిల్ల కిక్కురుమనదు. అదే నేను పోస్తే దాని ఏడుపుకి గల్లీ మొత్తం లేచి వస్తుంది. ఏం చేతులో ఆవిడవి! మా వీధి పిల్లల్లో సగం మందికి ఆ కాళ్ల మీదే స్నానం.
తర్వాత నిప్పుల మీద సాంబ్రాణి. ఇల్లంతా ఆ వాసన... నాకెంతో ఇష్టం.

నవంబరు 13
ఇవాళ తిట్లు లేవు. బట్టలు ఆరేయడం మరిచిపోయినా సరే. "బట్టలు..." అని ఆగింది. "ఆరెయ్." అంతే. అత్తమ్మకి నా మీద దయ కలిగిందని మురిసిపోయాను.

నవంబరు 15
ఆసుపత్రి. నిన్న సాయంత్రం అత్తమ్మకి దమ్ము లేచింది, ఊపిరాడని ఆయాసం. మాట రాదు. మంచం అంచు పట్టుకుని ముందుకు వంగి, పెదవులు నీలంగా... ఆటోలో నా చెయ్యి వదల్లేదు. ఆక్సిజన్ పెట్టారు. మా ఆయన శ్రీకాంత్ తన తల్లి వైపు చూడలేక కారిడార్‌లో అటూ ఇటూ. భయమేసింది. చాలా.

నవంబరు 17
గండం గడిచింది. డాక్టరమ్మ కూర్చోబెట్టి చెప్పింది. చిన్నప్పటి ఉబ్బసం, దాని మీద ఏళ్ల తరబడి కట్టెల పొయ్యి పొగ. దమ్ము ఇలా లేచిన ప్రతిసారీ ఊపిరితిత్తులు ఇంకాస్త దెబ్బతినొచ్చు, పోయిన బలం మొత్తం తిరిగి రాకపోవచ్చు. అయితే చాలాసార్లు ముందే సూచనలు కనిపిస్తాయట. కఫం రంగు మారడం. ఇంకో తలగడ అడగడం. ఒక వాక్యం ఆగకుండా చెప్పలేకపోవడం.
వాక్యం! "బట్టలు... ఆరెయ్." దయ కాదు అది, ఆయాసం. నేనేమో మురిసిపోయాను.
నోటితో పీల్చే మందు పంపులు రెండు. ఒకటి రోజూ, ఒంట్లో బాగున్నా సరే. రెండోది ఆయాసం వచ్చినప్పుడు. అత్తమ్మ రోజువారీది ఎప్పుడో మానేసింది. "మంచిగున్నప్పుడు మందెందుకు? అలవాటైతది" అట.
"ఇంట్లో పొగ ఉంటుందా?" అని డాక్టరమ్మ అడిగింది. "లేదు మేడం, గ్యాసే" అన్నాడు శ్రీకాంత్. నేను తలూపాను. అత్తమ్మ కూడా.

నవంబరు 21
నిన్న ఇంటికొచ్చింది. ఇవాళే చిన్ని స్నానానికి కాళ్లు చాపింది. వద్దంటే వినదు. నీళ్లు, నిప్పులు, సాంబ్రాణి. ఆ తర్వాత "గాలికి" అంటూ మెట్ల మీదికి. రోజూ వెళ్లేదే. ఎందుకో వెనకాలే వెళ్లాను. చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుని దగ్గుతోంది. మాకు వినపడకూడదని.
అప్పుడు తట్టింది. పొగంటే బీడీ, పొయ్యి, బస్సు. సాంబ్రాణిని పొగ అని మా ముగ్గురిలో ఒక్కరం కూడా అనుకోలేదు. అది మందు కదా మరి! ఛ, ఎంత మొద్దులం.

నవంబరు 22
సాంబ్రాణి వద్దని చెప్పేశాను. యుద్ధం. "మా అత్త ఏసింది... నేనేసిన... గిప్పుడు నువ్వచ్చి... నేర్పుతవా?" ముక్కలు ముక్కలుగా. ఆ ముక్కలే నన్ను భయపెడుతున్నాయి. అమ్మకి ఫోన్ చేస్తే అక్కడా అదే: "ఏటే, పసిపిల్లకి సాంబ్రాణి మానేస్తారేటి?" శ్రీకాంత్ ఫోన్‌లో తల దూర్చాడు, మహానుభావుడు.
"చిన్నికి నీళ్లు పోయడం నాకు రాదత్తమ్మా. మీరుండాలి" అన్నాను. ఏడ్చేశాను కూడా. ఆవిడ లేచి వెళ్లిపోయింది.

నవంబరు 23
మాటల్లేవు.

నవంబరు 24
డాబా మీద ఎండలో అత్తమ్మ. ఒళ్లో చిన్ని. మెత్తటి పాత చీర ముక్కతో తల తుడిచి ఎండకు పట్టింది. నిప్పుల గిన్నె కడిగి గోడ పక్కన బోర్లించి ఉంది. జన్మంతా చేసిన పనిని రెండు రోజుల్లో మార్చుకుంది! నన్ను టీ మానమంటే వారం అలుగుతాను.

డిసెంబరు 2
పంపు పొద్దునా సాయంత్రం పీలుస్తోంది, నోరు పుక్కిలిస్తోంది. కానీ తలుపేసుకుని. ఎందుకత్తమ్మా అంటే, "దమ్ము మనిషని తెలిస్తే నా చేతికి పిల్లల్ని ఎవరిస్తరే?" అంది.
అదా సంగతి. ఇన్నేళ్లూ ఆ భయంతోనే దాచిందా...

డిసెంబరు 6
పప్పులో ఉప్పు మరిచాను. అత్తమ్మ నోరు విజయనగరం దాకా వెళ్లి, మా పెళ్లిచూపుల మీదుగా తిరిగొచ్చింది. ఒకే ఊపిరిలో! రేపు కూడా ఉప్పు మానేద్దామా అనిపించింది.

డిసెంబరు 10
మూడిళ్లవతల పద్మకి మనవడు పుట్టాడు. పొద్దున్నే వచ్చింది. "అక్కా, మా పొల్లగానికి నీళ్లు పోయాలె. నీ చెయ్యే కావాలె."
అత్తమ్మ మొహం వెలిగిపోయింది. నాకేమో భయం. వాళ్లది ఇరుకు గది, సాంబ్రాణి లేకుండా స్నానం ఊహించలేరు. అత్తమ్మ కొంగు ముడి విప్పింది. పంపు తీసింది. పొద్దుటిది ఇంకా పీల్చలేదు. పద్మ ఎదురుగానే పీల్చింది, బిగబట్టింది, మెల్లగా వదిలింది.
"నాకు దమ్మున్నది పద్మా. పొగ పడదు. పొగ ఎయ్యనంటే వస్త. లేకుంటే ఇంకోళ్లను చూస్కో."
పద్మ అలాగే చూసింది. "ఇంట్ల అడిగి చెప్త అక్కా..." వెళ్లిపోయింది. అత్తమ్మ కాళ్లకు దండం పెట్టాలనిపించింది. టీ ఇచ్చాను.

డిసెంబరు 11
కబురు లేదు. గేటు వైపు చూడనట్టే చూస్తోంది.

డిసెంబరు 12
"పొగ ఎయ్యం అక్కా, రా" అని పద్మ పిలుపు. పాత చీర కట్టుకుని, కుచ్చిళ్లు దోపుకుని వెళ్లింది. పంపు చేతిలోనే, కొంగులో కాదు.
డైరీ కిటికీ గట్టు మీద పెట్టి రాస్తున్నాను. చిన్ని నిద్రపోతోంది. సాంబ్రాణి వాసన వస్తోంది. పద్మ వాళ్లింటి వైపు నుంచే. పరుగెత్తనా? చిన్నిని ఎత్తుకుని ఆ పొగలోకి ఎలా...
అదిగో, గొంతు. "ఏందే పద్మా, చెప్తే సమజ్ కాదా నీకు, పొగ వద్దంటి గదా, బయట పడెయ్ గా నిప్పులు, పసిపోరనికి సుత మంచిది కాదది, తలుపులన్ని తెరు, ఏం చూస్తున్నవ్ గట్ల..."
వింటున్నాను.
ఇంకా ఆగలేదు.